డి-పట్టా భూమి దగ్గర ఆగిన కొనుగోలు: ఒక న్యాయవాది చేసిన హక్కు పరిశీలన గురించి

ఈ వేసవిలో అనంతపురంలోని ఒక న్యాయవాది కార్యాలయంలో భూమి హక్కు పరిశీలన చేయించుకున్నాను. మా వైపు దీన్ని అందరూ లీగల్ ఒపీనియన్ అనే అంటారు. 12,000 రూపాయల ఫీజు, నకళ్లకు విడిగా 1,850 రూపాయలు, 23 రోజుల ఎదురుచూపు అయ్యాక నా చేతికి 14 పేజీల నివేదిక వచ్చింది. దాని సారాంశం, నేను కొనాలనుకున్నది డి-పట్టా భూమి, అంటే ప్రభుత్వం పేదలకు పంపిణీ చేసిన అసైన్డ్ భూమి, కాబట్టి కొనవద్దని. కొనవద్దని చెప్పించుకోవడానికి అంత డబ్బు ఎందుకు పెట్టారని మా ఇంట్లోనే అడిగారు. ఆ ప్రశ్నకు జవాబుగానూ, ఇటువంటి పని చేయించుకోదలచిన వారికి పనికివస్తుందన్న ఉద్దేశంతోనూ, ఆ సేవలో నాకు నచ్చినవీ నచ్చనివీ వివరంగా రాస్తున్నాను. న్యాయవాదులు తమ వృత్తికి ప్రచారం చేసుకోకూడదన్న బార్ కౌన్సిల్ నియమం ఉన్నందున ఆయన తన పేరు రాయవద్దన్నారు. కనుక రాయడం లేదు.

ఉపాధ్యాయ ఉద్యోగం నుంచి విరమణ పొందాక వచ్చిన డబ్బుతో కదిరి వైపు మూడు ఎకరాల నలభై సెంట్ల మెట్ట భూమి కొని, దానిమ్మో జామో పెట్టుకుందామన్నది నా ఆలోచన. చుట్టుపక్కల ఎకరా 14 లక్షలు పలుకుతుంటే ఈ భూమిని 9 లక్షలకే ఇప్పిస్తానని ఒక మధ్యవర్తి వచ్చాడు. అతను చూపిన కాగితాలు ఇవి: అమ్మే ఆమె పేరుతో పట్టాదారు పాసు పుస్తకం, భూమి ఖాతా వివరాలుండే 1-బి నకలు, సాగు వివరాలుండే అడంగల్, ఏ లావాదేవీ లేదని చెప్పే ఈసీ (ఎన్‌కంబరెన్స్ సర్టిఫికెట్), ఆ భూమి మీద సహకార సంఘం ఇచ్చిన పంట రుణం రసీదు. వీటికి తోడు, అంతా సక్రమంగా ఉందని ఎవరో రాసిచ్చిన ఒక పేజీ లీగల్ ఒపీనియన్‌ను ఉచితంగా జతచేశాడు. ఆ తరువాత తెలిసింది, భూమి కాగితాల్లో ఒక్కటి కూడా దొంగది కాదని. అన్నీ అసలైనవే. అన్నీ అసలైనవే కావడం వల్లనే నేను దాదాపు ఐదు లక్షలు అడ్వాన్సు ఇచ్చేసేవాణ్ణి.

ఆ న్యాయవాది వయసు డెబ్బై దాటి ఉంటుంది. నా కాగితాలన్నీ ఒక్కొక్కటిగా చూసి, ఈసీని పక్కన పెట్టి, ఒకే ప్రశ్న అడిగారు: “ఈమె భర్తకు ఈ నేల ఎట్లా వచ్చింది?” 1-బిలో భూమి ఎలా సంక్రమించిందో చెప్పే గడిలో ‘అనువంశికము’ అని ఉంది కదా అన్నాను. “అది ఈమెకు ఎట్లా వచ్చిందో చెప్తుంది మాస్టారూ, ఈమె భర్తకు ఎట్లా వచ్చిందో చెప్పదు” అన్నారు. ఈ సేవ విలువంతా నాకు ఆ ఒక్క మాటలో కనిపించింది. భర్త పోయాక భార్య పేరు మార్పించుకోవడం పూర్తిగా చట్టబద్ధం. ప్రభుత్వం పంపిణీ చేసిన భూమి కూడా వారసులకు దక్కుతుంది. కాబట్టి ఒక తరం మారేసరికి రికార్డులో ‘అనువంశికము’ అన్న పదం వచ్చి కూర్చుంటుంది. చూసేవారికి అది తాతముత్తాతల ఆస్తిలా కనిపిస్తుంది.

ఈసీ గురించి ఆయన చెప్పినది కూడా నాకు కొత్తే. ఈసీ రిజిస్టరైన దస్తావేజులను మాత్రమే చూపుతుంది. ఆన్‌లైన్‌లో దొరికేది 1983 నుంచి జరిగిన వాటికే. డి-పట్టాను తహసీల్దారు ఇస్తారు, సబ్ రిజిస్ట్రారు కాదు. అంచేత ముప్పై ఏళ్లకు ఈసీ తీసినా, యాభై ఏళ్లకు తీసినా అందులో ఆ పట్టా ఊసే ఉండదు. లావాదేవీలు లేవని వచ్చిన ఈసీని చూసి మనం ఊపిరి పీల్చుకుంటాం గానీ, అసైన్డ్ భూమి విషయంలో అలా రావడమే సహజం. పంట రుణం మాటా అంతే. అసైన్డ్ భూమిని ప్రభుత్వానికి, సహకార సంఘానికి, బ్యాంకుకు తాకట్టు పెట్టుకోవడానికి చట్టంలోనే మినహాయింపు ఉంది. పేదవాడికి సాగు పెట్టుబడి దొరకాలన్నది ఆ మినహాయింపు ఉద్దేశం. సహకార సంఘం అప్పు ఇచ్చింది కాబట్టి అమ్ముకునే హక్కు కూడా ఉన్నట్టేనని మధ్యవర్తి చేసిన వాదనకు ఏ ఆధారమూ లేదు.

ఇక నిషేధిత జాబితా. రిజిస్ట్రేషన్ చట్టంలో 22-ఎ సెక్షన్ కింద, రిజిస్టరు చేయకూడని ఆస్తుల జాబితాలు ఉంటాయి. చట్టం బదిలీని నిషేధించిన భూములు, ప్రభుత్వ భూములు, దేవాదాయ, వక్ఫ్ భూములు, భూ గరిష్ఠ పరిమితి చట్టం కింద మిగులుగా తేలిన భూములు అందులోకి వస్తాయి. ఈ భూమి ఆ జాబితాలో లేదని మధ్యవర్తి తన ఫోనులో నాకు చూపించాడు. కానీ అతను వెతికింది రీసర్వే తరువాత వచ్చిన కొత్త ల్యాండ్ పార్సెల్ నంబరుతో. న్యాయవాది దగ్గర పనిచేసే అమ్మాయి ఆ నంబరు ఏ పాత సర్వే నంబరులో నుంచి వచ్చిందో సరిపోల్చే పత్రం తెప్పించి, పాత నంబరుతో వెతికితే, జాబితాలో ఆ సర్వే నంబరు, పక్కన అసైన్డ్ అన్న మాట కనిపించాయి. ఆ పని చేయడానికి ఆ అమ్మాయికి పావుగంట పట్టింది. నేను రెండు వారాలు పాసు పుస్తకం అట్ట చూసుకుంటూ గడిపాను.

అయినా ఆయన అక్కడితో ఆగలేదు. నిషేధిత జాబితాల్లో తప్పుగా చేరిన పట్టా భూములు కూడా ఎన్నో ఉన్నాయని, కాబట్టి జాబితాలో పేరుందని కొనుగోలు మానుకోవడమూ, లేదని కొనేయడమూ రెండూ తొందరపాటేనని అన్నారు. ఒక్కో సర్వే నంబరు మొదట ఎవరి పేరున, ఏ వర్గంలో ఉండేదో చెప్పే రీసెటిల్‌మెంట్ రిజిస్టరు నకలు తెప్పించారు. బ్రిటిషు కాలం నాటి ఆ పుటలో మా సర్వే నంబరు ఎదురుగా పట్టాదారు పేరు ఉండవలసిన గడి ఖాళీగా ఉంది, వర్గీకరణలో ఏ.డబ్ల్యూ.డి. అని ఉంది. అంటే శిస్తు నిర్ణయించినా ఎవరి పట్టాలోనూ లేని మెట్ట బంజరు. ప్రభుత్వ బంజరుగా మొదలైన నేల తరువాత ఒక కుటుంబం చేతికి వచ్చిందంటే, ఏదో ఒక పంపిణీ ఉత్తర్వు ఉండి తీరాలి. ఆ ఉత్తర్వును తహసీల్దారు కార్యాలయంలోని అసైన్‌మెంట్ రిజిస్టరులో పట్టుకోవడానికే ఎక్కువ రోజులు పట్టాయి. దొరికింది. 1979లో, భూమిలేని పేదగా గుర్తించిన ఒక దళిత వ్యవసాయ కూలీకి ఇచ్చిన పట్టా అది.

ఇక్కడ తేదీ ఎందుకంత ముఖ్యమో ఆయన ఓపికగా వివరించారు. ఆంధ్ర ప్రాంతంలో 1954 జూన్ 18న వచ్చిన 1142 నంబరు జీవోతో, పంపిణీ చేసిన భూమిని వారసత్వంగా అనుభవించవచ్చు గానీ అన్యాక్రాంతం చేయరాదన్న షరతు పట్టాల్లోకి వచ్చింది. తెలంగాణ ప్రాంతంలో ఆ పని చేసింది 1958 జూలై 25 నాటి 1406 నంబరు జీవో. అక్కడి వాడుకలో ఇవి లావుణి పట్టాలు. ఆ తేదీలకు ముందు, ఇటువంటి షరతు లేకుండా ఇచ్చిన భూముల సంగతి వేరు. మాజీ సైనికులకు ఇచ్చిన వాటికీ వేరే నియమం ఉంది. పదేళ్ల తరువాత వారు అమ్ముకోవచ్చు. మా కేసులో పట్టా 1979 నాటిది, అప్పటికే 1977 చట్టం అమలులో ఉంది, కాబట్టి మరో ఆలోచనకు తావు లేదు.

ఆ చట్టం పూర్తి పేరు అసైన్డ్ భూముల బదలాయింపు నిషేధ చట్టం, 1977లో ఉమ్మడి రాష్ట్రం చేసిన 9వ చట్టం. రెవెన్యూ వారు పీవోటీ చట్టం అంటారు. నివేదికలో నాకు అన్నిటికంటే నచ్చిన భాగం ఈ చట్టాన్ని మా లావాదేవీకి అన్వయించి చెప్పిన నాలుగు పేజీలు. మధ్యవర్తి మూడు దారులు చెప్పాడు: ఇప్పటికి నోటరీ అగ్రిమెంటు రాసుకోవచ్చు, లేదా 30 ఏళ్లకు లీజు రాయించుకోవచ్చు, అదీ కాకపోతే కోర్టులో రాజీ డిక్రీ తెచ్చుకోవచ్చు. చట్టం ఈ మూడు దారులనూ పేరుపేరునా మూసింది. బదిలీ అన్న పదానికి ఇచ్చిన నిర్వచనంలో విక్రయం, దానం, మారకం, తాకట్టు, లీజు మాత్రమే కాక, వాటికి సంబంధించిన ఒప్పందం కూడా చేరి ఉంది. అంటే అగ్రిమెంటు దానికదే నిషిద్ధ బదిలీ. సివిల్ కోర్టు డిక్రీ అమలులో జరిగిన బదిలీకీ నిషేధం వర్తిస్తుంది. నిర్వచనం నుంచి బయట ఉంచినది వీలునామాను మాత్రమే.

నిషేధాన్ని మీరి కొంటే ఏమవుతుందో కూడా అంతే స్పష్టంగా రాశారు. ఆ బదిలీ మొదటి నుంచీ చెల్లదు. తహసీల్దారు స్థాయికి తగ్గని అధికారి కొన్న వ్యక్తిని ఖాళీ చేయించి, భూమిని అసలు పట్టాదారుకో అతని వారసులకో తిరిగి అప్పగించవచ్చు. అలా అప్పగించడానికి వీలులేకపోతే ప్రభుత్వం స్వాధీనం చేసుకుంటుంది. ఒకసారి తిరిగి పొందినవారు మళ్లీ అమ్మితే రెండోసారి వారికి రాదు. కొన్నవారు ఇచ్చిన డబ్బు ఇప్పించే బాధ్యత ప్రభుత్వానికి లేదు. పైగా ఆరు నెలల వరకు జైలు, జరిమానా, లేదా రెండూ పడే శిక్ష కొన్నవారికే రాసి ఉంది. అవసరం కొద్దీ అమ్ముకున్న పేదకు కాదు. నేను ఆ వాక్యాన్ని రెండుసార్లు చదివాను. కొనేవాడి చేతిలో డబ్బు ఉంటుంది, తెలుసుకునే తీరిక ఉంటుంది, లాయరును పెట్టుకునే స్తోమత ఉంటుంది. అమ్మేవాడికి ఆ మూడూ ఉండవు. చట్టం రాసినవారు ఆ తేడాను గుర్తించి రాశారనిపించింది, అది న్యాయమనిపించింది.

చట్టానికి ముందే, సాగు కోసం, సద్బుద్ధితో, తగిన ధర ఇచ్చి కొని స్వాధీనంలో ఉన్న భూమిలేని పేదకు ఒక మినహాయింపు ఉందని కూడా నివేదిక చెప్పింది. భూమిలేని పేద అంటే రెండున్నర ఎకరాల మాగాణి లేదా ఐదెకరాల మెట్టకు మించి లేనివారు, వేరే జీవనాధారం లేనివారు. పింఛను తీసుకునే నేను అందులోకి ఏ విధంగానూ రాను. మా పక్క రాష్ట్రం కర్ణాటకలో ఎస్సీ, ఎస్టీలకు ఇచ్చిన భూముల బదిలీని నిషేధిస్తూ 1978లో వచ్చిన చట్టాన్ని, 1984లో మంచేగౌడ కేసులో సుప్రీంకోర్టు సమర్థించిన సంగతినీ ఒక పేరాలో ప్రస్తావించారు. హిందూపురం, మడకశిర వైపు సరిహద్దు దాటి భూములు చూసేవారు తెలుసుకోవలసిన విషయమిది.

మధ్యవర్తి చివరి అస్త్రం 2023 సవరణ. ఆ ఏడాది ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం చట్టాన్ని సవరించి, పంపిణీ జరిగి ఇరవై ఏళ్లు నిండిన వ్యవసాయ భూములపై అసలు పట్టాదారులకు, వారి వారసులకు అమ్ముకునే హక్కుతో సహా పూర్తి హక్కులు ఇచ్చింది. ఇంటి స్థలాలకు అంతకుముందే మొదట ఇరవై ఏళ్లు, తరువాత పదేళ్లు అన్న గడువు వచ్చింది. “1979 పట్టాకు ఇరవై ఏళ్లు ఎప్పుడో నిండాయి కదా సార్” అని మధ్యవర్తి నన్ను ఊరించాడు. న్యాయవాది సమాధానం ఇది: ఏళ్లు నిండడం అర్హత మాత్రమే, అధికారులు విచారించి, ఆ సర్వే నంబరును నిషేధిత జాబితా నుంచి తొలగిస్తేనే అది ఫ్రీహోల్డ్, అంటే పూర్తి హక్కుల భూమి, అవుతుంది. ఈ సర్వే నంబరు ఇంకా జాబితాలోనే ఉంది. అదీకాక, ఫ్రీహోల్డ్ పేరుతో అక్రమాలు జరిగాయన్న ఫిర్యాదుల మీద 2024లో కొత్త ప్రభుత్వం అటువంటి భూముల రిజిస్ట్రేషన్లను నిలిపివేసి, పరిశీలన పెట్టి, ఆ నిలుపుదలను పలుమార్లు పొడిగించింది. ఈ స్థితిలో రూపాయి అడ్వాన్సు ఇచ్చినా అది నీళ్లలో పోసినట్టేనని ఆయన తేల్చి చెప్పారు.

ఇంతవరకు నేను ఫీజు ఇచ్చిన పని. ఫీజులో లేని పని ఒకటి ఆయన చేశారు, దాన్ని రాయకపోతే ఈ సమీక్ష సగమే అవుతుంది. అసలు పట్టా చూడాలని, భూమి అమ్మే ముసలామెను ఒకసారి కార్యాలయానికి తీసుకురమ్మన్నారు. ఆమె మనవరాలితో వచ్చింది. బిస్కట్ల రేకు డబ్బాలో నుంచి ప్లాస్టిక్ కవరు, కవరులో నుంచి నాలుగు మడతల కాగితం తీసి బల్ల మీద పెట్టింది. మడతల దగ్గర కాగితం అరిగి వెలుతురు పారుతోంది. కింది సంతకం సగం చెరిగింది గానీ, అచ్చులో ఉన్న షరతులు మాత్రం చదవడానికి వీలుగానే ఉన్నాయి: మూడేళ్లలోగా సాగులోకి తేవాలి, వారసులు అనుభవించవచ్చు, అన్యాక్రాంతం చేయరాదు. నలభై ఆరేళ్లుగా ఆమె ఇంట్లో ఉన్న కాగితాన్ని ఆమెకు చదివి వినిపించినవారు ఎవరూ లేరు.

“ఇది మాది కాదా సామీ? మా ఆయన రాళ్లు ఏరి సేను జేసినాడు” అని అడిగింది.

“నీదే అవ్వా. నీదీ, నీ పిల్లోళ్లదీ. ఎవురూ లాక్కునే దానికి లేదు. కానీ ఇప్పుడు అమ్మేదానికీ లేదు” అన్నారాయన.

ఎకరాకు ఎంత ఇస్తామన్నారని అడిగితే ఐదు లక్షలని చెప్పింది. నాకు చెప్పిన ధర తొమ్మిది. మధ్యలో నాలుగు లక్షలు ఎవరి జేబులోకి పోయేవో ఆ గదిలో ఎవరూ పైకి అనలేదు. మనవరాలి నర్సింగ్ చదువు ఫీజుకోసమే ఆమె అమ్మకానికి ఒప్పుకుంది. భూమి అమ్మకుండానే బ్యాంకులో తాకట్టు పెట్టి అప్పు తెచ్చుకునే వీలుందని, ఎవరి పేరునా అగ్రిమెంటు మీద వేలిముద్ర వేయవద్దని, ఇరవై ఏళ్లు నిండినందున పూర్తి హక్కు కోసం అర్జీ పెట్టుకుని వేచి ఉండమని ఆయన చెప్పారు. పూర్తి హక్కు వచ్చిన రోజున ఆమెకు పద్నాలుగు లక్షల ధర అడిగే అధికారం ఉంటుందని కూడా చెప్పారు. ఆ అర్జీని తనే తెలుగులో రాయించి ఇచ్చారు, ఒక్క రూపాయి తీసుకోలేదు.

ఇక లోపాలు. పది రోజుల్లో నివేదిక ఇస్తామని చెప్పి ఇరవై మూడు రోజులు తీసుకున్నారు. నకళ్ల కోసం ఆగవలసి రావడం నిజమే గానీ, మధ్యలో ఆలస్యమవుతోందని ఒక్క ఫోనైనా చేయలేదు. నేనే నాలుగుసార్లు చేశాను. నివేదిక మొదట మొత్తం ఇంగ్లీషులోనే ఇచ్చారు. నేను చదువుకోగలను, కానీ భూమి కొనే రైతుల్లో ఎందరు చదువుకోగలరు? అడిగితే తెలుగులో రెండు పేజీల సారాంశం మరో మూడు రోజులకు ఇచ్చారు. అది మొదటే జతచేయవలసినది. పొలం దగ్గరికి వెళ్లి సరిహద్దులు, స్వాధీనం చూడడం ఈ ఫీజులో లేదు, దానికి విడిగా 3,000 అడిగారు. ఆ సంగతి మొదటి రోజునే చెప్పి ఉంటే బాగుండేది. నకళ్లకు రసీదులు చక్కగా జతచేశారు గానీ తమ ఫీజుకు రసీదు అడిగితే తప్ప ఇవ్వలేదు.

ఇంత ఖర్చు పెట్టలేనివారు కనీసం మూడు పనులు స్వయంగా చేసుకోవచ్చని ఆయనే చెప్పారు. పాత సర్వే నంబరుతో నిషేధిత జాబితా వెతకడం, రీసెటిల్‌మెంట్ రిజిస్టరు నకలుకు అర్జీ పెట్టడం, అమ్మే కుటుంబంలో పెద్దవారిని కలిసి ఆ నేల మొదట ఎలా వచ్చిందో అడగడం. తెలంగాణలోనైతే రీసెటిల్‌మెంట్ రిజిస్టరు బదులు సేత్వార్, 1954-55 ఖాస్రా పహాణీ అనే పాత భూ రికార్డులు చూడాలి. పైన చెప్పిన మూడో పనికి ఖర్చే లేదు. నేను మధ్యవర్తిని దాటి ఆ ముసలామెతో ముందే మాట్లాడి ఉంటే మొదటి రోజే విషయం తెలిసేది. ఆమె దాచుకున్నది ఏమీ లేదు.

పోయిన వారం మరో రెండెకరాల భూమి కాగితాలను అదే కార్యాలయంలో ఇచ్చి వచ్చాను. ఈసారి తెలుగు నివేదిక, పొలం పరిశీలన కలిపి ఎంతవుతుందో ముందే రాయించుకున్నాను. రీసెటిల్‌మెంట్ రిజిస్టరు నకలు నేనే తెచ్చి ఇచ్చాను. పట్టాదారు గడిలో ఒక పేరు ఉంది. ఆ పేరు నుంచి ఇప్పటి అమ్మకందారు దాకా మధ్యలో ఎన్ని చేతులు మారాయో చూసి చెబుతామన్నారు.